ఎండ బాగా కాసినప్పుడే ఇన్వర్టర్ ఆగిపోతోంది. తప్పు గ్రిడ్‌దా, మా వైరింగ్‌దా?

కొత్తమీటరు
మేడ మీద 5 కిలోవాట్ల సోలార్ పెట్టించి ఆరు వారాలైంది. సింగిల్ ఫేజ్, బ్యాటరీ లేదు, ప్యానెళ్ల డీసీ కరెంటుని ఏసీగా మార్చే ఇన్వర్టర్‌ని నేరుగా గ్రిడ్‌కే, అంటే వీధి కరెంటు లైనుకే కలిపారు. పొద్దున అంతా బాగానే ఉంటుంది. పదకొండు దాటి ఎండ ముదిరేసరికి ఇన్వర్టర్ మీద ఎర్ర లైటు వెలిగి ‘గ్రిడ్ ఓవర్ వోల్టేజ్’ అని చూపిస్తుంది, టక్కున ఆగిపోతుంది. కాసేపటికి దానంతటదే కలుస్తుంది, పది నిమిషాలు నడుస్తుంది, మళ్లీ ఆగుతుంది. నిన్న ఒక్కరోజే 14 సార్లు. మూడు దాటాక మళ్లీ మామూలే. మబ్బు పట్టిన రోజున ఒక్కసారి కూడా ఆగదు.

ఏ నాలుగు గంటల ఎండ కోసం ఇదంతా పెట్టించుకున్నామో ఆ నాలుగు గంటలే చేజారుతున్నాయి.

బిగించినవాళ్లని అడిగితే “మా పనిలో లోపం లేదు, గ్రిడ్‌లోనే వోల్టేజ్ ఎక్కువుంది, కరెంటు ఆఫీసుకి వెళ్లండి” అన్నారు. ఆఫీసు నుంచి మనిషి వచ్చాడు, అదీ సాయంత్రం ఆరున్నరకి. మీటరు దగ్గర చూసి, “236 ఉంది, సరిగ్గానే ఉంది, సోలార్ వాళ్లనే అడగండి” అని వెళ్లిపోయాడు. ఇద్దరి మధ్యా తిరగలేక అలిసిపోయాను. ఇది ఎవరి వైపు లోపమో తేల్చుకునే దారి ఉందా? మధ్యాహ్నం ఆప్ తెరవాలంటేనే టెన్షన్‌గా ఉంటోంది.

మేడమీది_ప్యానెల్
నాకూ అచ్చం ఇదే. మూడు నెలలు పడ్డాను. చివరికి బిగించిన కుర్రాడు సెట్టింగ్స్‌లోకి వెళ్లి వోల్టేజ్ పై హద్దు 253 నుంచి 270కి పెంచాడు. ఐదు నిమిషాల పని. ఆ తర్వాత ఒక్కసారి కూడా ఆగలేదు. పాస్‌వర్డ్ వాళ్ల దగ్గరే ఉంటుంది, అడిగి మార్పించుకోండి.

రాగితీగ
దయచేసి అది చేయకండి. కారణం తర్వాత వివరంగా రాస్తాను. ముందు మూడు సంగతులు చెప్పండి కొత్తమీటరు గారూ. ఇన్వర్టర్ నుంచి మెయిన్ బోర్డు దాకా ఏసీ కేబుల్ ఎంత పొడవు? దాని మందం ఎన్ని స్క్వేర్ ఎంఎం? మిట్టమధ్యాహ్నం ఇన్వర్టర్ ఆగి ఉన్నప్పుడు వోల్టేజ్ ఎంత, నడుస్తున్నప్పుడు ఎంత?

వీధిదీపం
సాయంత్రం ఆరున్నరకి చూసి 236 అంటే ఏం తెలుస్తుంది? ఆ వేళకి వీధిలో అన్ని ఇళ్లలోనూ లైట్లు, మోటార్లు, ఏసీలు నడుస్తుంటాయి, వోల్టేజ్ సహజంగానే దిగుతుంది. మీ సోలార్ కూడా అప్పటికి పడుకునే ఉంటుంది. రోగం మధ్యాహ్నం వస్తుంటే నాడి సాయంత్రం పట్టుకున్నట్టు.

కొత్తమీటరు
@రాగితీగ మేడ మీది నుంచి కింద బోర్డు దాకా 35 మీటర్లు ఉంటుంది. కేబుల్ మీద 4 స్క్వేర్ ఎంఎం అని రాసుంది, రాగిదే. వోల్టేజ్ నేనెప్పుడూ కొలవలేదు. ఇన్వర్టర్ తెరమీద ఆగేముందు 254, 255 చూశాను. మా అబ్బాయి దగ్గర మల్టీమీటర్ ఉంది, ఎక్కడెక్కడ పెట్టి చూడాలో చెబితే ఆదివారం చేస్తాం.

రాగితీగ
4 స్క్వేర్ ఎంఎం, 35 మీటర్లు అన్నారు కదా, సగం కథ అక్కడే ఉంది. కొంచెం పెద్దగా రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి.

మనకి అలవాటైన లెక్క ఏమిటంటే, తీగలో కరెంటు పారితే చివర్లో వోల్టేజ్ తగ్గుతుంది. అది కరెంటు గ్రిడ్ నుంచి ఇంట్లోకి వస్తున్నప్పుడు. సోలార్‌లో ప్రవాహం తిరగబడుతుంది. ఇంట్లోంచి వీధిలోకి పంపాలంటే ఇన్వర్టర్ దగ్గర వోల్టేజ్ గ్రిడ్ కంటే ఎక్కువుండాలి, లేకపోతే కరెంటు అటు వెళ్లదు. నీళ్లు పల్లానికే కదా పారేది. తీగ సన్నగా ఉన్నకొద్దీ, పొడుగ్గా ఉన్నకొద్దీ ఆ ఎత్తు పెంచాల్సి వస్తుంది.

5 కిలోవాట్లంటే 230 వోల్టుల దగ్గర దాదాపు 21.7 ఆంపియర్లు. 4 స్క్వేర్ ఎంఎం రాగి తీగకి కిలోమీటరుకి 4.61 ఓమ్‌ల నిరోధం. ఫేజ్ ఒక 35, న్యూట్రల్ ఒక 35, మొత్తం 70 మీటర్లు. అంటే 0.32 ఓమ్. 21.7తో గుణిస్తే 7 వోల్టులు. మీ మెయిన్ బోర్డు దగ్గర 247 ఉంటే చాలు, మేడ మీద ఇన్వర్టర్‌కి 254 కనబడుతుంది. 230 వోల్టులకి పది శాతం పైన అంటే 253. చాలా చోట్ల హద్దు అదే. దాటితే ఇన్వర్టర్ ఆగాలి, ఆగుతోంది. దానిలో లోపమేమీ లేదు.

అదే 10 స్క్వేర్ ఎంఎం వేసి ఉంటే కిలోమీటరుకి 1.83 ఓమ్‌లు, పెరిగేది 2.8 వోల్టులే. 16 అయితే రెండు వోల్టులు కూడా పెరగదు. తీగ వేడికి కాలిపోకుండా ఉండాలంటే 4 సరిపోవచ్చు, బిగించినవాళ్లు అంతవరకే చూసి వేసి ఉంటారు. సోలార్‌లో చూడాల్సింది వోల్టేజ్ ఎంత పెరుగుతుందన్నది. ఇన్వర్టర్ నుంచి మీటరు దాకా ఒక శాతం, మరీ అయితే రెండు శాతం లోపు ఉంచాలని పని తెలిసినవాళ్లు లెక్క వేసుకుంటారు. మీది మూడు శాతం.

పొద్దుతిరుగుడు
ఇన్నాళ్లూ మందం తీగ అంటే ఎక్కువ కరెంటు కోసమే అనుకున్నాను. ఈ లెక్క ఎవరూ చెప్పలేదు.

మేడమీది_ప్యానెల్
లెక్క బాగుంది, కాదనను. కానీ మా ఇంట్లో కేబుల్ 10 స్క్వేర్ ఎంఎం, పొడవు 12 మీటర్లే. అయినా ఆగేది. సోలార్ ఆపేసి చూసినా వీధి వోల్టేజ్ మధ్యాహ్నం 248, 249 ఉండేది. మరి అది నా తప్పా? గ్రిడ్ వాళ్లు సరిచేసేదాకా నేను చేతులు కట్టుకుని కూర్చోవాలా? 270 చేసుకుంటే తప్పేంటి?

లైన్‌మీద_ముప్పైఏళ్లు
నేను స్తంభాలెక్కి బతికినవాణ్ని. ఇప్పుడు రిటైర్ అయ్యాను. 270 అన్న మాట చూసి రాయకుండా ఉండలేకపోయాను.

తమ్ముడూ, ఆ హద్దు నీ ఇన్వర్టర్ కోసం పెట్టింది కాదు. నువ్వు 262 దగ్గర కరెంటు తోస్తుంటే ఆ వోల్టేజ్ నీ గోడ దగ్గర ఆగదు. నీ ఫ్రిజ్, నీ టీవీ, నీ పక్కింటి పెద్దాయన ఆక్సిజన్ మెషీను, అన్నీ దాన్నే తాగుతాయి. వెంటనే కాలిపోవు, అందుకే ఎవరికీ తెలియదు. ఎల్‌ఈడీ బల్బులు ఆరు నెలలకే పోతుంటాయి, ఫ్రిజ్ బోర్డు పోతుంది, బల్బులు నాసిరకం అనుకుంటారు. నీ వీధిలో ఇంకో నలుగురు సోలార్ పెట్టి నలుగురూ 270 చేసుకున్నారనుకో, అందరూ ఒకరిమీద ఒకరు ఎత్తుకుంటూ పోతారు.

ఇంకోటి. సోలార్ ఆపినా 248 ఉందంటే అది నిజంగా మావైపు పని. ట్రాన్స్‌ఫార్మర్‌కి ట్యాప్‌లని ఉంటాయి, వాటిని మారిస్తే వీధంతటికీ వోల్టేజ్ కాస్త దిగుతుంది. ఒకప్పుడు లైను చివరి ఇంటికి సాయంత్రం వోల్టేజ్ అందట్లేదని ట్యాప్ ఎత్తిపెట్టేవాళ్లం. అప్పుడు మధ్యాహ్నం వెనక్కి కరెంటు పంపేవాడు లేడు. ఇప్పుడున్నాడు. పాత ట్యాప్ అలాగే ఉండిపోయింది. నువ్వు ఫిర్యాదు ఇస్తే మార్చడానికి దారి ఉంది. హద్దు ఎత్తేసి ఊరుకుంటే ఆ లోపం కాగితం మీదికే రాదు.

మేడమీది_ప్యానెల్
పక్కింటి సంగతి నాకు తట్టలేదు బాబాయ్. అయినా ఆఫీసు చుట్టూ ఎన్నిసార్లు తిరగాలి అన్నదే నా బాధ.

లైన్‌మీద_ముప్పైఏళ్లు
ఆ బాధ నిజమే. నోటిమాటగా చెబితే కదలరు. తేదీ, టైము, వోల్టేజ్ రాసి ఉన్న కాగితం ఇస్తే కదులుతారు. ఇన్వర్టర్ ఆప్‌లో ఆ చరిత్ర అంతా ఉంటుంది, దింపుకుని ఇవ్వు.

పొద్దుతిరుగుడు
మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోకండి. మాది కూడా గ్రిడ్‌కి కలిపిందే. కరెంటు పోతే సోలార్ కూడా ఆగిపోతోంది. పైన ఎండ మండుతుంటే కింద ఫ్యాను తిరగదు. అమ్మ రోజూ అడుగుతోంది, ఇదేం సోలార్ అని. ఏం చెప్పాలో తెలియడం లేదు.

యాభైహెర్ట్జ్
అమ్మగారికి ఇలా చెప్పండి. గ్రిడ్ శ్రుతిపెట్టె. మీ ఇన్వర్టర్ ఆ శ్రుతి విని, దానికి కలిపి పాడే గొంతు. సెకనుకి 50 ఆవృత్తులు (దీన్నే ఫ్రీక్వెన్సీ అంటారు) అక్కడ నడుస్తుంటే ఇది అదే క్షణంలో, అదే తాళంలో కరెంటు కలుపుతుంది. శ్రుతిపెట్టె ఆగిపోతే సొంతంగా శ్రుతి పెట్టుకోవడం మామూలు గ్రిడ్ ఇన్వర్టర్‌కి రాదు. వచ్చినా పాడనివ్వకూడదు. ఎందుకో ముప్పైఏళ్లు గారే చెప్పాలి.

లైన్‌మీద_ముప్పైఏళ్లు
చెబుతాను. లైను తెగిందని ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర ఫ్యూజు తీసి, స్తంభం ఎక్కుతాం. మా లెక్కలో ఆ తీగ చచ్చిన తీగ. ఎవరింట్లోంచో సోలార్ వెనక్కి తోస్తుంటే అది బతికే ఉంటుంది. ఇంకా ఘోరం, ఆ 230 ట్రాన్స్‌ఫార్మర్‌లోకి వెనక నుంచి ఎక్కితే అవతల వేల వోల్టులుగా బయటికి వస్తుంది. జనరేటర్లు ఇలా తప్పుగా కలిపిన ఇళ్ల వల్ల పోయిన మనుషులు నాకు తెలుసు. సోలార్ ఇన్వర్టర్లు తమంతట తాము ఆగిపోతాయి కాబట్టి ధైర్యం. అయినా మేం పట్టుకునే ముందు టెస్టర్ పెట్టి చూస్తాం, లైనుని ఎర్త్ చేశాకే చెయ్యి వేస్తాం.

యాభైహెర్ట్జ్
దాన్నే యాంటీ ఐలాండింగ్ అంటారు. ఐఈఈఈ 1547 అనే అమెరికా ప్రమాణం ప్రకారం గ్రిడ్ పోయిన 2 సెకన్లలోపు ఇన్వర్టర్ తప్పుకోవాలి. వోల్టేజ్, ఫ్రీక్వెన్సీ చూసి ఊరుకోదు, ఫ్రీక్వెన్సీని తనవైపు నుంచి మెల్లగా కదిపి చూస్తుంటుంది. అవతల పెద్ద గ్రిడ్ ఉంటే కదలదు. కదిలిందంటే తను ఒంటరిగా మిగిలిందని అర్థం, ఆగిపోతుంది. కరెంటు తిరిగి వచ్చినా వెంటనే కలవదు, గ్రిడ్ నిలకడగా ఉందో లేదో చూసుకుంటుంది. కొన్నిచోట్ల ఒక నిమిషం, ఐఈఈఈ 1547లో మామూలుగా 300 సెకన్లు. కొత్తమీటరు గారు చెప్పిన “కాసేపటికి దానంతటదే కలుస్తుంది” అన్నది ఇదే.

జోడుబ్యాటరీ
@పొద్దుతిరుగుడు కరెంటు పోయినా నడవాలంటే హైబ్రిడ్ ఇన్వర్టర్, బ్యాటరీ ఉండాలి. అది గ్రిడ్ నుంచి ఇంటిని పూర్తిగా విడదీసి, ఫ్యాన్లు, లైట్లు, ఫ్రిజ్ లాంటివి ఉన్న చిన్న బోర్డుకి మాత్రమే తన సొంత శ్రుతి మీద కరెంటు ఇస్తుంది. మాది అదే. మోటారు, గీజరు ఆ బోర్డులో పెట్టకండి, పెడితే బ్యాటరీ చూస్తుండగానే అయిపోతుంది. గ్రిడ్ నుంచి విడిపోయినప్పుడు న్యూట్రల్‌కి, ఎర్త్‌కి ఇన్వర్టర్ లోపల జోడింపు పడాలి. అది పడకపోతే లీకేజీ వచ్చినప్పుడు దాన్ని పసిగట్టి కరెంటు ఆపాల్సిన ఆర్‌సీసీబీ స్విచ్ పనిచెయ్యదు. బిగించేవాణ్ని ఈ ఒక్క ప్రశ్న అడగండి. జవాబు తడుముకోకుండా చెబితే పని తెలిసినవాడే.

నీడపట్టినమేడ
బ్యాటరీ ఎందుకు, జనరేటర్ పెట్టి దాని శ్రుతికి సోలార్ కలిపితే సరిపోదా?

జోడుబ్యాటరీ
వద్దు. మా బంధువుల ఇంట్లో అదే జరిగింది. గ్రిడ్‌కీ జనరేటర్‌కీ మధ్య మార్చే ఛేంజోవర్ స్విచ్‌ని ఇన్వర్టర్ కంటే ముందు పెట్టారు, అంటే జనరేటర్ నడుస్తుంటే సోలార్ కూడా దానికే కలుస్తుంది. జనరేటర్ వోల్టేజ్ నిలకడగా ఉంటే ఇన్వర్టర్ దాన్ని గ్రిడ్ అనుకుని కరెంటు తోస్తుంది. ఇంట్లో వాడకం తక్కువ, ఎండ ఎక్కువ. మిగిలిందంతా జనరేటర్‌లోకి వెనక్కి వెళ్లింది. గ్రిడ్ తాగినట్టు జనరేటర్ తాగలేదు. ఇంజిన్ వేగం పెరిగింది, వోల్టేజ్ ఎగిరింది, జనరేటర్ వోల్టేజ్ రెగ్యులేటర్‌తో పాటు రెండు ఏసీల బోర్డులు పోయాయి. అలా కలపాలంటే సోలార్‌ని తగ్గించి నడిపే కంట్రోలర్ వేరే కావాలి. లేకపోతే జనరేటర్ వేసినప్పుడు సోలార్ పూర్తిగా ఆగి ఉండాలి.

కొత్తమీటరు
ఇవన్నీ చదువుతుంటే మాకు ఒక్కటీ చెప్పకుండా బిగించి వెళ్లారని అర్థమవుతోంది. ఇంకో అనుమానం. మొదటి నెల బిల్లు సోలార్ లేనప్పటికంటే ఎక్కువొచ్చింది. ఇది కూడా దీనికి సంబంధించిందేనా?

వీధిదీపం
మీటరు ఎప్పుడు మార్చారు?

కొత్తమీటరు
సోలార్ ఆన్ చేసిన పది రోజులకి మార్చారు. “ఈలోపు నడిపించుకోండి, ఏం కాదు” అన్నారు.

వీధిదీపం
అదే మీ బిల్లు. చక్రం తిరిగే పాత మీటర్లయితే కరెంటు వెనక్కి వెళ్తే చక్రం కూడా వెనక్కి తిరిగేది. చాలా ఎలక్ట్రానిక్ మీటర్లు అలా కాదు. కరెంటు ఎటు పోయినా వాడకమనే లెక్క వేస్తాయి, దొంగతనం పట్టుకోవడానికి అలా చేశారు. మీరు గ్రిడ్‌కి ఇచ్చిన యూనిట్లకి కూడా మీ దగ్గరే బిల్లు కట్టించుకున్నట్టు. రెండువైపులా లెక్కించే మీటరు పెట్టి, అనుమతి కాగితం చేతికి వచ్చేదాకా సోలార్ ఆన్ చేయకూడదు. ఇది నాకూ జరిగింది కాబట్టి చెబుతున్నా.

ఇప్పటి మీటరులో ఇంపోర్టు, ఎక్స్‌పోర్టు విడివిడిగా కనబడాలి. బటన్ నొక్కుతూ చూడండి. మధ్యాహ్నం ఎక్స్‌పోర్టు అంకె కదులుతుంటే మీటరు సరిగ్గానే ఉంది.

కొత్తమీటరు
చూశాను. రెండూ ఉన్నాయి, ఎక్స్‌పోర్టు కదులుతోంది. ఆ పది రోజుల సంగతి ఆఫీసులో రాసి ఇస్తాను.

నీడపట్టినమేడ
మా ఇంట్లో వ్యవహారం వేరు, మాది పొద్దునపూట ఆగుతుంది. మంచు పడిన రోజున ఎనిమిదిన్నర దాకా ‘ఇన్సులేషన్ ఫాల్ట్’ అని చూపించి, ఎండెక్కాక దానంతటదే పోతుంది. ఇది కూడా వోల్టేజ్ గొడవేనా?

రాగితీగ
కాదు, అది డీసీ వైపు. ప్యానెళ్ల తీగల్లో ఎక్కడో తడి చేరి కరెంటు ఎర్త్‌లోకి కారుతోంది. ఇన్వర్టర్ రోజూ గ్రిడ్‌కి కలిసే ముందు ఆ నిరోధం కొలుస్తుంది, తక్కువుంటే కలవనంటుంది. ఎండకి ఆరగానే నిరోధం పెరుగుతుంది. ప్యానెళ్ల కింద కనెక్టర్లు నీళ్లలో పడి ఉన్నాయేమో, తీగ ఫ్రేము అంచుకి ఒరుసుకుందేమో చూపించండి. రెండు రకాల కంపెనీల కనెక్టర్లు ఒకదాంట్లో ఒకటి దూర్చినా ఇలాగే అవుతుంది. చూడ్డానికి సరిగ్గా పట్టినట్టే ఉంటాయి, లోపల సరిగ్గా తగలవు, నీళ్లూ ఆగవు. ఇది వాయిదా వేసే పని కాదు.

నీడపట్టినమేడ
రేపే పిలుస్తాను. ఎండొచ్చాక పోతోంది కదా అని రెండు నెలలు ఊరుకున్నాను.

మూడుఫేజులు
అసలు ప్రశ్నకి వద్దాం. కొత్తమీటరు గారి ఇంటికి మూడు ఫేజులు ఉంటే ఇంత చర్చ అవసరం లేదు. అదే 5 కిలోవాట్లు మూడు ఫేజుల ఇన్వర్టర్‌తో పంపితే ఒక్కో తీగలో మూడోవంతు కరెంటే పోతుంది. పైగా మూడూ సమంగా ఉంటే న్యూట్రల్‌లో ఏమీ పారదు. వోల్టేజ్ పెరగడం ఆరోవంతుకి పడిపోతుంది. ఏడు వోల్టులు పెరిగేచోట వోల్టు కాస్త మించి పెరుగుతుంది.

రాగితీగ
నిజమే, కానీ ఆయనది సింగిల్ ఫేజ్ సర్వీసు అని మొదట్లోనే రాశారు. సర్వీసు మార్చి, ఇన్వర్టర్ మార్చే బదులు 35 మీటర్ల కేబుల్ మార్చడం తేలిక. ముందు కొలుద్దాం.

ఆదివారం పన్నెండు గంటలకి ఇలా చేయండి. బోర్డు తెరిచే పని ఎలక్ట్రీషియన్‌కి వదలండి, మీరు రాసుకోండి చాలు. ఇన్వర్టర్ ఆపి మెయిన్ బోర్డు దగ్గర ఒకసారి. ఆన్ చేసి, నాలుగు కిలోవాట్లు దాటాక మెయిన్ బోర్డు దగ్గర ఒకసారి, వెంటనే ఇన్వర్టర్ ఏసీ టెర్మినళ్ల దగ్గర ఒకసారి. అదే మల్టీమీటర్‌తో, ఇద్దరు మనుషులు ఫోన్లో మాట్లాడుకుంటూ. ఆ సమయానికి ఎన్ని వాట్లో కూడా రాసుకోండి.

కొత్తమీటరు
కొలిచాం. ఎలక్ట్రీషియన్ పెట్టాడు, నేనూ అబ్బాయీ రాశాం.

ఇన్వర్టర్ ఆపి, మెయిన్ బోర్డు: 243.
నడుస్తుండగా 4.2 కిలోవాట్ల దగ్గర, మెయిన్ బోర్డు: 246.
అదే సమయానికి ఇన్వర్టర్ దగ్గర: 254. రాసుకుంటుండగానే ఆగిపోయింది.

మేడమీది_ప్యానెల్
అంటే వీధిలో తప్పు లేదన్నమాట. 246 హద్దులోపే ఉంది.

రాగితీగ
ఆగండి, ఆ 8 వోల్టులు నాకు నచ్చలేదు.

4.2 కిలోవాట్లు, 250 వోల్టులు, అంటే 16.8 ఆంపియర్లు. మీ కేబుల్‌కి రావాల్సింది 0.32తో గుణిస్తే 5.4 వోల్టులు. తీగ వేడెక్కిందనుకుని ఇంకాస్త కలిపినా ఆరు. మీకు ఎనిమిది వచ్చింది. మిగిలిన రెండు, రెండున్నర వోల్టులు ఎక్కడ పోతున్నాయి? తీగలో కాదు. ఏదో ఒక బిగింపు దగ్గర పోతున్నాయి. ఒక్కచోట రెండున్నర వోల్టులు, 16.8 ఆంపియర్లు అంటే 42 వాట్ల వేడి. చిన్న ప్లాస్టిక్ డబ్బాలో, ఒక స్క్రూ దగ్గర, రోజూ నాలుగు గంటలు.

లైన్‌మీద_ముప్పైఏళ్లు
కొత్తమీటరూ, ఇది చదవగానే ఇన్వర్టర్ ఆపెయ్. ముందు ఏసీ వైపు స్విచ్, తర్వాత డీసీ ఐసొలేటర్, అంటే ప్యానెళ్ల వైపు తీగని విడదీసే స్విచ్. రేపు చూద్దాంలే అనుకోవద్దు. ప్యానెళ్ల కనెక్టర్లు మాత్రం ఎండలో చేత్తో లాగొద్దు. ఏసీ కరెంటు సెకనుకి వంద సార్లు సున్నాకి వస్తుంది, నిప్పురవ్వ ఆరిపోవడానికి సందు దొరుకుతుంది. డీసీకి ఆ సందు లేదు, పుట్టిన మంట సాగుతూనే ఉంటుంది. ఐసొలేటర్ ఆపాకే ఏదైనా.

మేడ మీద ఏసీ ఐసొలేటర్ డబ్బా ఉంటుంది, ముందు దాన్ని తెరిపించు. చేత్తో తాకి వేడిగా ఉందా, కాలిన వాసన ఉందా చూడమను.

కొత్తమీటరు
ఆపేశాను. ఎలక్ట్రీషియన్ సాయంత్రం వస్తానన్నాడు.

కొత్తమీటరు
తెరిచాం. రాస్తుంటే చెయ్యి వణుకుతోంది. ఏసీ ఐసొలేటర్‌లో న్యూట్రల్ స్క్రూ చుట్టూ ప్లాస్టిక్ నల్లబడి కరిగి ఉంది. తీగ పైతొడుగు రెండంగుళాల మేర బొగ్గయింది. ఎలక్ట్రీషియన్ చూసి చెప్పాడు, స్క్రూని రాగి మీద కాక పైతొడుగు మీదే బిగించారట, లోపల రెండు మూడు పోగులు మాత్రమే తగులుతున్నాయట. ఆ డబ్బా పక్కనే మేం బట్టలారేస్తాం.

పొద్దుతిరుగుడు
ఇంట్లో అందరూ క్షేమంగా ఉన్నారు, అది చాలు.

మేడమీది_ప్యానెల్
అందరికీ చెప్పాల్సిన మాట ఒకటుంది. మొదటి జవాబు నాదే. ఆయన నా మాట విని 270 చేయించుకుని ఉంటే ఇన్వర్టర్ ఆగేది కాదు, ఆ స్క్రూ దగ్గర పూర్తి కరెంటు పారుతూనే ఉండేది. ఆ జవాబు తీసేయమని అడిగేవాణ్నే, కానీ కింది చర్చ అర్థం కావాలంటే ఉండాలి. కొత్తమీటరు గారూ, క్షమించండి. రేపు నా హద్దు 253కి దింపిస్తున్నాను, బిగింపులన్నీ తెరిచి చూపిస్తున్నాను.

కొత్తమీటరు
మీరూ మంచికే చెప్పారు అన్నా. మీరు ఆ మాట అనకపోతే ముప్పైఏళ్లు గారు ఇక్కడికి వచ్చేవారే కాదు.

యాభైహెర్ట్జ్
హద్దుల గురించి ఒక మాట కలుపుతాను. హద్దు తప్పనిసరి, కానీ హద్దు రాగానే ఠక్కున ఆగడమొక్కటే పద్ధతి కాదు. జర్మనీలో ఒకప్పుడు ఇళ్ల ఇన్వర్టర్లన్నీ ఫ్రీక్వెన్సీ 50.2 హెర్ట్జ్ దాటగానే ఆగిపోవాలని నియమం. సోలార్ కొంచెంగా ఉన్నంతకాలం బాగానే ఉంది. లక్షల ఇళ్లకి చేరాక, అన్నీ ఒక్కసారిగా ఆగితే గ్రిడ్డే కూలే ప్రమాదం వచ్చింది. 2012లో నియమం తెచ్చి పాతవాటిలో 10 కిలోవాట్లు దాటినవాటిని కూడా మార్పించారు. కొత్తవి ఫ్రీక్వెన్సీ పెరిగేకొద్దీ ఉత్పత్తిని మెల్లగా తగ్గించుకుంటాయి.

వోల్టేజ్‌కీ అలాంటిదే ఉంది, వోల్ట్-వాట్ అంటారు. హద్దు దగ్గరపడే కొద్దీ ఇన్వర్టర్ తనంతట తాను కొంచెం కొంచెం తగ్గుతుంది. 14 సార్లు ఆగి, కలిసి, మళ్లీ ఆగే బదులు నాలుగున్నర కిలోవాట్ల దగ్గర నిలబడుతుంది. వోల్ట్-వార్ అని ఇంకోటి ఉంది, రియాక్టివ్ పవర్ (పని చేయకుండా లైనులో అటూ ఇటూ ఊగే పవర్) లాక్కుని వోల్టేజ్ దించుతుంది. సన్నటి తీగల వీధుల్లో దాని బలం తక్కువే, అయినా కొంత మేలు. కరెంటు ఆఫీసు ఒప్పుకునే పద్ధతిలో వీటిని ఆన్ చేయించుకోవచ్చు. సెట్టింగ్ మార్చాలంటే మార్చుకోవాల్సింది ఇది, పై హద్దు కాదు.

మూడుఫేజులు
ఇంకో తేలిక మార్గం, మధ్యాహ్నం ఇంట్లోనే వాడేయడం. మోటారు, వాషింగ్ మెషీను, గీజరు పన్నెండుకి వేస్తే బయటికి పోయేది తగ్గుతుంది, వీధి వోల్టేజ్ అంత ఎక్కదు. మేం అలాగే చేస్తాం.

రాగితీగ
దానికి చిన్న సవరణ. ఇంట్లో వాడకం పెంచితే మెయిన్ బోర్డు నుంచి వీధి దాకా పెరిగే వోల్టేజ్ తగ్గుతుంది. ఇన్వర్టర్ నుంచి మెయిన్ బోర్డు దాకా కరెంటు అంతే పారుతుంది, అక్కడ పెరిగేది అలాగే ఉంటుంది. కొత్తమీటరు గారికి మొదటిది 3, రెండోది 8. కాబట్టి కేబుల్ మార్చక తప్పదు.

కొత్తమీటరు
రెండు వారాల తర్వాత రాస్తున్నాను. 10 స్క్వేర్ ఎంఎం కేబుల్ లాగించాం, ఐసొలేటర్ కొత్తది వేయించాం. బిగింపులన్నీ దగ్గరుండి ఒక్కొక్కటీ లాగి చూపించమన్నాను. 4.6 కిలోవాట్ల దగ్గర మెయిన్ బోర్డు 246.5, ఇన్వర్టర్ 249. తేడా రెండున్నర, రాగితీగ గారి లెక్కకి సరిగ్గా సరిపోయింది. వోల్ట్-వాట్ కూడా ఆఫీసుకి చెప్పే ఆన్ చేయించాం. తొమ్మిది రోజులుగా ఒక్కసారి కూడా ఆగలేదు. బిగించినవాళ్లకి కాలిన డబ్బా ఫోటో పంపితే వచ్చి చూశారు, అదే బృందం బిగించిన మిగతా ఇళ్లకి కూడా వెళ్లి తెరిచి చూస్తామన్నారు. వెళ్లారో లేదో అడుగుతూనే ఉంటాను.

లైన్‌మీద_ముప్పైఏళ్లు
ఆ చివరి మాట వదలకు. రెండు వారాలకోసారి ఫోన్ చెయ్యి.

నీడపట్టినమేడ
మాది కూడా దొరికింది. రెండు కనెక్టర్లు ప్యానెల్ కింద నిలిచిన నీళ్లలోనే ఉన్నాయి, ఒకదాని లోపల పచ్చగా చిలుము పట్టింది. రెండూ మార్చి, తీగలు పైకెత్తి కట్టారు. పొద్దున ఆరున్నరకే లేస్తోంది ఇప్పుడు.

మేడమీది_ప్యానెల్
నా సంగతి. హద్దు 253కి దింపించాను. బిగింపులన్నీ బాగానే ఉన్నాయి, ఒకటి మాత్రం కాస్త వదులుగా ఉంటే సరిచేశారు. రోజుకి రెండు మూడు సార్లు మళ్లీ ఆగుతోంది, ఓర్చుకుంటున్నాను. వారం రోజుల చరిత్ర దింపాను, సోలార్ ఆగి ఉన్నప్పటి వోల్టేజ్ కూడా అందులో కనబడుతోంది. మా వీధిలో సోలార్ ఉన్న ఇంకో ఇద్దరివీ కలిపి ఫిర్యాదు ఇచ్చాం.

లైన్‌మీద_ముప్పైఏళ్లు
ముగ్గురిదీ కలిపి ఇవ్వడం మంచి పని. ఎప్పుడు వస్తామన్నారు?

మేడమీది_ప్యానెల్
గురువారం. ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర కొలుస్తారట. సాయంత్రం వద్దు, మధ్యాహ్నం పన్నెండుకే రమ్మని కాగితం మీద రాయించాను. రీడింగులు ఇక్కడ పెడతాను.